పట్టుపోగు ముడి

“ఇయాల గుంటల దిగకురా ఈరన్నా. కుడికన్ను అదురుతుంది. ఏదో కీడుంది.”

అంటూనే ఉంది గానీ భీమమ్మ చేతులు ఆగలేదు. పక్క మగ్గం మీద అయిపోయిన పడుగు కొసలకు కొత్త నిలువు పోగులు ముడివేస్తున్నాయి. కోడలిగా గద్వాలకు వచ్చిన నాటి నుంచి ఆమె బతుకంతా ఆ పనే. ఎన్ని పెండ్లి చీరలకు పోగులు అతికిందో ఆమెకే తెలియదు. ఒక్కటీ కట్టింది లేదు. బొటనవేలు, చూపుడువేలు వాటంతటవే మెలిక తిప్పి ముడి బిగించేవి. కళ్లు కొడుకు మీదే ఉండేవి. మసూచితో మొగుడు పోయినప్పటి నుంచి ఆ కళ్లకు వేరే పని లేదు.

“నిన్న భుజం అదిరిందంటివి. మొన్న బల్లి పడ్డదంటివి.” ఈరన్న మగ్గం గుంటలోకి కాళ్లు జారవిడిచాడు. “ఇల్లు అదిరిననాడు చెప్పవ్వా, లేస్త.”

ప్రపంచ యుద్ధం వల్ల పట్టు కరువైన ఏడాది అది. చాన్నాళ్లకు ఒక పట్టంచు చీర మగ్గం ఎక్కింది. నూలు ఒడలికి పట్టు అంచు కలిసే జోడు దగ్గర, ఒక్కో పోగునూ కొక్కెంలా పట్టి తిప్పేది ఈరన్న కుడిచేతి చూపుడువేలు. ఆ ఒడుపు అందరికీ రాదు. ఆ వేలే వాడికి అన్నం.

ఎండ నడినెత్తికి వచ్చేసరికి, అడ్డపోగు నడిపే నాడె జారి గుంటలో పడింది. చూడకుండా చెయ్యి పెట్టాడు. కేక వేశాడు. చూపుడువేలి కొసన నల్లతేలు.

భీమమ్మ పోగుల ముందు నుంచి ఎలా లేచిందో, కొడుకు చేతిని ఎలా అందుకుందో ఆమెకే గుర్తు లేదు. కొంగు చింపి మణికట్టుకు బిగించడం మాత్రం గుర్తుంది. జమ్ములమ్మ తల్లికి మొక్కుకుంటూ, కొడుకును భుజానికి ఆనించుకుని దవాఖానకు నడిపించింది.

నాగర్‌కర్నూల్ నుంచి బదిలీ మీద వచ్చిన డాక్టరు నొప్పి తగ్గే సూది వేశాడు. పేలిక విప్పాడు. చెయ్యి మెల్లగా ఎరుపు తిరిగింది. చూపుడువేలు తిరగలేదు. వంకాయలా ఉబ్బి, నీలంగా ఉండిపోయింది. డాక్టరు గోరు నొక్కి వదిలాడు. తెల్లబడ్డ చోటు తెల్లగానే ఉంది.

“వేరే ఏమన్న కట్టినవా అమ్మా?”

“లేదు సాబ్, గా పేలికనే. వేలు పోతదా? చెయ్యి పోతదా? పానానికి గిట్ల...”

“జర ఊపిరి తీస్కో. మణికట్టు కాడ నాడి మంచిగుంది. కానీ పెద్ద నెత్తురు నాళాలు చీలి చీలి, ఆఖరుకు వెంట్రుక కన్న సన్నగ అయితయ్. వాటి గోడ ఒక్క పొరనే. నెత్తురు ఆడ వరుస కట్టి, ఒక్కో కణమే దూరి పోతది. మనం పీల్చిన గాలి, తిన్న తిండి కండకు అందేది ఆ సన్నటి గోడల నుంచే. అక్కడి మురికి తీసుకొని వాపస్ పోయే నాళాలల్ల కలిసేదీ ఆడనే. గోరు కింద ఎరుపు అదేనమ్మా. ఈ వేల్ల అవి నిండుతలేవు. గిట్లనే ఉంటే వేలు తియ్యాలె.”

భీమమ్మకు చీర జోడు కళ్లముందు కదిలింది. వచ్చే దారి, పోయే దారి కలిసే చోటు. కంటికి ఆనని చోటు. అది ఊడితే అంచు అంచే, ఒడలు ఒడలే, చీర లేదు. వింటున్న ఆమె రెండు వేళ్లు ఒళ్లో ఉత్తగాలికి మెలిక తిప్పి ముడి బిగించాయి.

ఆమె తన చేతివైపు చూసుకుంది.

“సాబ్! పట్టుపోగు! లేసి ఉరికినప్పుడు నా చేతుల పోగుండె. ఈ ముండ వేళ్లు కట్టేసినయ్ సాబ్, నాకు తెల్వకుంటనే!”

తేలు కుడితే పట్టుపోగు కట్టడం ఆ వీధి అలవాటే. ఉబ్బిన కండ దాన్ని మింగేసింది. భీమమ్మ వేలి మొదట్లో గోటితో తడిమింది. దొరికింది. డాక్టరు సన్న కత్తెర మొనను జాగ్రత్తగా కిందికి దూర్చి కత్తిరించాడు.

గోరు నొక్కాడు. తెలుపు. అలాగే తెలుపు. ఆ తర్వాత, నీళ్లలో కుంకుమ విచ్చుకున్నట్టు, గోరు కింద సన్నటి ఎరుపు లేచింది. మళ్లీ నొక్కాడు. ఈసారి ఇంకా తొందరగా వచ్చింది.

“వచ్చింది! నా కొడుకు వేలు వచ్చింది!” భీమమ్మ కేకకు మందుల కోసం వరుసలో నిలబడ్డవాళ్లంతా లోపలికి తొంగిచూశారు.

“మరి ఏడుస్తవెందుకమ్మా?” డాక్టరు నవ్వాడు.

“ఏడుస్తలేను సాబ్. చూస్తున్న.”

కొడుకు వేలు పట్టుకుంది. “నా చెయ్యి తెలుస్తుందారా?” పొద్దు వాలేదాకా అడుగుతూనే ఉంది. సూదిమందుకు వేలు మొద్దుబారిందో, కోపమో, ఈరన్న గోడవైపే చూశాడు. డాక్టరు పొమ్మన్నాక లేచి, దండం పెట్టి, ఒక్కడే బయలుదేరాడు. ఎప్పుడూ కొడుకు వెనకే ఉరికే భీమమ్మ ఈసారి ఉరకలేదు. గుమ్మంలో నిలబడి, దూరమవుతున్న ఆ చేతిని కళ్లనిండా చూసుకుంది.

దవాఖాన ఎదుటి కోట దర్వాజ దగ్గర వాడు ఆగాడు. వేలు ముడిచాడు, చాపాడు, ముడిచాడు. వెనక్కి తిరిగి గట్టిగా అన్నాడు:

“తెలుస్తుందవ్వా! రేపటి సంది మల్ల అంచు నేస్త. నువ్వు మాత్రం జర మెల్లగ ముడెయ్యి!”

దవాఖాన తట్టలో, పసుపుపచ్చని పట్టుపోగు రెండు కొసలుగా తెగి పడి ఉంది. మధ్యలో ముడి మాత్రం వీడలేదు.