నీళ్ళు ముట్టని మేడమ్

హైకోర్టు పంపిన ఆఫీసరమ్మ వస్తున్నదని తెలిసినప్పటి నుంచీ రెబెక్కమ్మ కాలు ఒకచోట నిలవలేదు. అల్లూరు అవతల, రొయ్యల గుంటల పక్కనున్న వాళ్ళ ఎస్సీ కాలనీ మీద ఊళ్ళోని పెద్దింటి పద్మనాభయ్య మనుషులు దాడి చేసి ఇళ్ళు తగలబెట్టారు. విచారణకు వచ్చిన సీఐ మొదట పద్మనాభయ్య ఇంట్లో చేపల పులుసుతో భోంచేసి, తేన్పులు తీస్తూ కాలనీలోకి వచ్చాడు. రెబెక్కమ్మ ఎంత చెప్పినా ‘చీకట్లో ఎవరినీ గుర్తుపట్టలేదు’ అని రాసుకుపోయాడు. కాలనీవాళ్ళు కోర్టుకెక్కి ఆ భోజనం సంగతి కూడా చెప్పుకున్నారు. బయటి జిల్లా అధికారి మళ్ళీ మొదటి నుంచి విచారించాలని కోర్టు ఉత్తర్వు ఇచ్చింది.

సంతోషమే. కానీ ఆ సంతోషం అడుగున ఒక బెరుకు. సీఐ రాసిన ఆ ముక్కను లాయరు చదివి వినిపించిన నాటి నుంచి అది ఆమె లోపల కాపురం పెట్టింది. ఆ రాత్రి కర్ర ఎత్తిన పద్మనాభయ్య కొడుకు పెంచలకృష్ణ ముఖం ఆమె మనసులో రోజురోజుకీ అలుక్కుపోతున్నది. మనసు కూడా ఆ సీఐ లాంటిదేనేమో, ఎవరు గట్టిగా చెబితే వాళ్ళ మాటే రాసుకుంటుందేమో అనుకుని తనలో తాను నవ్వుకుంది.

ఆఫీసరు సుప్రియ వచ్చి ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుంది. ముఖమంతా చెమట. రెబెక్కమ్మ తళతళలాడే గ్లాసులో నిమ్మకాయ నీళ్ళు తెచ్చింది.

“వద్దమ్మా.”

“ఒక్క గుక్క మేడమ్.”

“వద్దు. మీరు చెప్పండి.”

గ్లాసు కోసం చాచని చెయ్యి అంటే ఏమిటో చుట్టూ చేరిన కాలనీవాళ్ళలో ఎవరికీ విడమర్చి చెప్పనక్కర్లేదు. రెబెక్కమ్మ గ్లాసు వెనక్కి తీసుకుంది.

“నాకేం గుర్తు లేదు” అంది.

ఆమె భర్త ఏసుమణి కట్టు కట్టిన చెయ్యి పట్టుకుని లేచాడు. “ఏందిమే! కోర్టు దాకా పోయింది ఈ మాట చెప్పేదానికా?”

“ఏం చెప్తాదిలే బావా” అంది పక్కింటి అబిగయీలు. “మన నీళ్ళు ఆయమ్మకి గొంతు దిగవంట.”

సుప్రియ తలెత్తింది. ఆమెకు అప్పుడు అర్థమైంది.

“పద్మనాభయ్య గారింట్లోనూ తాగలేదమ్మా. కేసు తేలేదాకా ఈ ఊళ్ళో ఎవరి చేతి నీళ్ళూ తాగను. వెనకటాయన భోజనం చేసినందుకే కదా కోర్టు నన్ను పంపింది?”

“పెద్దింట్లో కూడా వద్దన్నారా?” అని అడిగింది రెబెక్కమ్మ.

సుప్రియను తీసుకొచ్చిన జీపు డ్రైవరు ఆగలేకపోయాడు. “కాఫీ వద్దన్నారు, టెంకాయ నీళ్ళు వద్దన్నారు. పెద్దాయన నన్ను పక్కకి పిల్చి, మీ మేడమ్ మమ్మల్ని అంత తక్కువగా చూస్తాందే అని ఏడ్చినంత పని చేసినాడు!”

“సామీ!” అబిగయీలు గుండె మీద చెయ్యేసుకుంది. “పెద్దింటికి అంటు తగిలిందే! మా తాత బతికుంటే ఈ మాటకి పప్పుబెల్లాలు పంచిపెట్టేవాడు.”

నవ్వు కాలనీ అంతా పాకింది. సుప్రియ కూడా నవ్వు ఆపుకోలేక ముఖం తిప్పుకుంది. రెబెక్కమ్మ గుంజ పట్టుకుని కళ్ళలో నీళ్ళు తిరిగేదాకా నవ్వింది. నవ్వీ నవ్వీ ఊపిరి తీసుకునేసరికి లోపల బిగుసుకున్నదేదో సడలింది. అలుక్కుపోయిన ముఖం, పిలవకుండానే, వచ్చి ఎదుట నిలబడింది.

సుప్రియ మిగతావాళ్ళను అవతలికి పంపింది. “ఇప్పుడు చెప్పండమ్మా.”

“చీకటన్నది అబద్ధం మేడమ్. నా ఇల్లే కాలతా ఉంటే చీకటి యాడుంటాది? పెంచలకృష్ణే. పొగకి దగ్గతా, కళ్ళు ఎడమ భుజానికి తుడుచుకుంటా, మా ఆయన చెయ్యి మీద కొట్టినాడు. నేను పక్కనే ఉండా.”

సుప్రియ రాసింది.

“చదవండి మేడమ్, వింటాను.”

సుప్రియ చదివింది. రెబెక్కమ్మ కళ్ళు మూసుకుని తన మాటలు ఒక్కొక్కటే వింది. ‘కుడి భుజానికి తుడుచుకుంటూ’ అన్నచోట చెయ్యి ఎత్తింది.

“కుడి అని నేను చెప్పలా. ఎడమ. అది కొట్టేసి మళ్ళా రాయండి.”

సుప్రియ కొట్టేసి, మళ్ళీ రాసింది.