గొంగడి కింద చీకటి

ఆదివారం పొద్దున్నే బాపిరాజు దగ్గి ఉమ్మాడు. ఎర్రగా కనబడగానే చెప్పుకాలితో దానిమీదికి మట్టి తోసేసి, మల్లుగుడ్డతో కెమెరా అద్దం తుడవడంలో పడ్డాడు. ఆస్పత్రి రేపు. పిక్చరు ఇవాళ.

భీమవరం నుంచి మద్రాసు వెళ్ళి పద్నాలుగేళ్ళు సినిమావాళ్ళ గుమ్మాలు పట్టుకు వేలాడిన మనిషి. కథలు ఈయనవి, పేర్లు వాళ్ళవి. చివరికి పటాన్‌చెరులో ఒక ఫ్యాక్టరీ స్టోరు గుమాస్తాగా తేలాడు. ఇక్కడైనా బుద్ధిగా ఉన్నాడా? ఊరందరిదీ ఒక దారి, ఉలిపికట్టెది ఒక దారి. పంతొమ్మిదివందల డెబ్బైలో సొంత పిక్చరు మొదలెట్టాడు. అయిదేళ్ళ ఆదివారాలు, అరువు కెమెరా. క్యాంటీనులో ఊడ్చే ఆగమ్మే కథానాయిక. పొలం ఫ్యాక్టరీ కిందికి పోయిన ఆడమనిషి ఆ ఫ్యాక్టరీకే పనికి బయల్దేరే కథ. చెప్పాలంటే ఆగమ్మ కథే. ఇక మిగిలింది ఒక్క షాటు, ఒక్క డబ్బా ఫిలిం. ఆమె బారెడు జుట్టు దువ్వి, ముడేసుకుని, గడప దాటాలి. సాయంత్రం బస్సుకు కెమెరా హైదరాబాదు వెళ్ళిపోతుంది, మళ్ళీ రాదు.

సైకిలు తొక్కుకుంటూ ఆగమ్మ ఊరు లక్డారం చేరేసరికి ఊపిరాడలేదు. ఆగమ్మ మొగుడు మొగులయ్య వాకిట్లో మంచం వాల్చాడు. ఆగమ్మ బయటికొచ్చింది. నున్నటి గుండు!

"జుట్టేదమ్మా?"

"గుట్ట నర్సన్నకిచ్చిన సారూ. బొమ్మ ఒడిసినంక ఇస్తనని మొక్కిన. నీ దగ్గు జూస్తె భయమైంది. ముందుగాలనే ఇచ్చిన."

"నా కొంప ముంచావు కదమ్మా!" మంచం మీద కూలబడి సిగ్గు లేకుండా ఏడ్చాడు బాపిరాజు. నోటిదాకా వచ్చిన ముద్ద పోయింది.

చేసిన తప్పేమిటో ఆగమ్మకు అప్పుడు తెలిసింది. ఏం చెయ్యాలో తోచక గోడ గూట్లోంచి దువ్వెన తీసింది. అలవాటు కొద్దీ తలదాకా తీసుకెళ్ళి ఆగిపోయింది.

బాపిరాజు కళ్ళు తుడుచుకున్నాడు. "అదే! అలాగే చెయ్యి తల్లీ! దువ్వెన గూట్లో పెట్టేసి, కొంగు కప్పుకుని వెళ్ళిపో."

ఒక్కసారే తీశాడు. ఫిలిం అయిపోయింది. తను రాసినదానికన్నా గొప్పగా వచ్చిందని ఆయనకు తెలుసు. చంటిపిల్లాడిలా నవ్వాడు.

ఇక ఫిలింను కెమెరాలోంచి డబ్బాలోకి మార్చాలి. వెలుతురు సోకిందా, బొమ్మ చచ్చినట్టే. ఎప్పట్లాగే రెండూ ఒళ్ళో పెట్టుకుని, పైన రెండు మడతల గొంగడి కప్పించుకుని, లోపల చేతులతో తడుముకోసాగాడు. "నేను చచ్చినా ఈ గొంగడి తియ్యొద్దు." అయిదేళ్ళుగా వాళ్ళకు చెబుతున్న మాటే.

ఒక దగ్గు వచ్చింది. తల ముందుకు వాలింది.

"సారూ?"

మొగులయ్య గొంగడి మీదికి చెయ్యి చాచి, ఆగాడు. "తియ్యొద్దన్నడు గదనే."

"మనిషే పోతుంటె బొమ్మేంది!" ఆగమ్మ గొంగడి లాగి అవతల పారేసింది. రొమ్ము రుద్దింది, ముఖాన నీళ్ళు కొట్టింది, గుండె పగిలేలా పిలిచింది. బాపిరాజు లేవలేదు.

ఫిలిం చుట్ట అప్పటికే డబ్బాలోకి చేరింది. దానిమీద ఎండ పడుతోంది. మూత ఆయన కుడిచేతిలోనే ఉంది.