నర్సమ్మ కారుకు ఆయాసం

ఆ షెడ్డులో ఒక నియమం ఉంది. ఏ బండి వచ్చినా ముందు ఇంజిన్ మీద అరచెయ్యి ఆనించి పది లెక్కపెట్టాలి. పది పూర్తయ్యేలోపు చెయ్యి వెనక్కి తీసుకోవాల్సి వస్తే, అది చల్లారేదాకా దాని జోలికి ఎవరూ వెళ్లకూడదు. ఎంత తొందరలో ఉన్నవాడి బండైనా, ఎంత గొప్పవాడి బండైనా ఇదే లెక్క. చాలా బండ్లు సాయంత్రం వచ్చి, రాత్రంతా నిద్రపోయి, పొద్దున్నే పరీక్ష చేయించుకునేవి. అందుకే షెడ్డు మేస్త్రీకి నిదానం అని పేరు పడింది. కన్నవాళ్లు పెట్టిన పేరు కరెంటు బిల్లు మీద తప్ప ఇంకెక్కడా మిగల్లేదు.

నియమం ఊరికే పుట్టలేదు. పన్నెండేళ్ల కిందట ఎవరో తనని తొందరపెట్టారని మేస్త్రీ తమ్ముణ్ని తొందరపెట్టాడు. తమ్ముడు వేడి రేడియేటర్ మూత తిప్పాడు. ఉడుకునీళ్లు ఎగజిమ్మి కుడి ముంజేయంతా కాలిపోయింది. ఆ చర్మం ఇప్పటికీ ముడతలు పడి నిగనిగలాడుతూ ఉంటుంది. తమ్ముడు ఆ సంగతి ఎప్పుడో మరిచిపోయి దానిమీదే గడియారం కట్టుకుని తిరుగుతున్నాడు. వేడి పాలతో నోరు కాలినవాడు మజ్జిగ కూడా ఊదుకుని తాగుతాడంటారు. ఇక్కడ కాలింది ఒకడికైతే, ఊదుకుంటున్నది ఇంకొకడు.

నర్సమ్మ కారు మొదటిసారి షెడ్డుకి వచ్చింది ఒక సోమవారం సాయంత్రం. మంచం దిగలేని రోగుల ఇళ్లకి వెళ్లి కట్లు మార్చడం, ఇంజెక్షన్లు ఇవ్వడం ఆవిడ ఉద్యోగం. సగం ఇళ్లు గుట్ట మీద ఉంటాయి. ఆమెది చిన్న కారు, చిన్న ఇంజిన్. కాకపోతే దానికి టర్బో ఉంది. గాలిని దట్టించి ఇంజిన్ నోట్లో కుక్కి, చిన్నదాని చేత పెద్దదాని పని చేయించే చక్రం అది. నర్సమ్మ బానెట్ మీద చెయ్యి వేసి, రోగి గురించి డాక్టరుకు చెప్పినట్టు చెప్పింది.

"దీనికి ఆయాసం వస్తోంది మేస్త్రీ గారూ. గుట్ట ఎక్కేటప్పుడు ఎక్కడి నుంచో గాలి బయటికి వదులుతున్న చప్పుడు. పైన జంక్షన్లో ఆపితే లోపలికి పీలుస్తున్న చప్పుడు. ఆ తర్వాత వణికి వణికి ఆగిపోతుంది."

మేస్త్రీ నవ్వాడు. కార్లకు ఆయాసం రావడం ఆయన ఇరవై ఎనిమిదేళ్ల సర్వీసులో వినలేదు. చూద్దాంలెండి అని పంపేసి, మర్నాడు పొద్దున్న చల్లటి ఇంజిన్ని స్టార్ట్ చేశాడు. వీణ మీటినట్టు తిరిగింది. ఇంజిన్ కంప్యూటర్ లెక్కలు చూపించే స్కానర్ పెట్టి చూస్తే అంకెలన్నీ బుద్ధిగా ఉన్నాయి. గొట్టాల్లో గాలి కారుతోందేమోనని పొగ యంత్రం తగిలించాడు. అది వాళ్లు పాత డబ్బాతో సొంతంగా చేసుకున్నది. ఇంజిన్ ఆపి, గాలి పోయే దారిలోకి పొగ ఊదితే, చీలిక ఎక్కడుంటే అక్కడ పొగ బయటికొస్తుంది. పావుగంట ఊదినా ఒక్క పోగు రాలేదు. వీధి చివరిదాకా ఒక చుట్టు తిప్పి, బండి బంగారంలా ఉందని అప్పజెప్పాడు.

ఆ వారంలోనే కారు మళ్లీ జంక్షన్లో ఆగింది. మళ్లీ షెడ్డు, మళ్లీ రాత్రంతా విశ్రాంతి, మళ్లీ పొద్దున్నే పొగ. మూడోసారి కూడా ఇదే తంతు. తమ్ముడు ఒకసారి, వేడి మీదున్నప్పుడు చూద్దామా అన్నా అని నసిగాడు. మేస్త్రీ అతని చేతి వంక చూశాడు. తమ్ముడు మళ్లీ ఆ మాట ఎత్తలేదు.

మూడోసారి కారు తీసుకెళ్లడానికి నర్సమ్మ భర్త వచ్చాడు. ఆయన బడిలో డ్రిల్లు మాస్టారు. మాట తక్కువ మనిషి. భార్య అంటే ప్రాణం. అసలు ఏమై ఉంటుందని ఆయన అడిగాడు. తెలియదు అనడం మేస్త్రీకి అలవాటు లేని పని. నోటికి అందిన మాట అనేశాడు.

"బండిలో ఏమీ లేదు మాస్టారూ. అమ్మగారి కాలే కాస్త తొందర. క్లచ్ పూర్తిగా తొక్కకుండా ఆపేస్తున్నట్టున్నారు."

అని నవ్వాడు కూడా. ఆ వీధిలో నిదానం మేస్త్రీ మాటంటే రాతి మీద గీత. మాస్టారు నవ్వలేదు. తలూపి వెళ్లిపోయాడు. రెండు రోజులకి జంక్షన్లో కారు ఆగినప్పుడు వెనక లారీ జానెడు దూరంలో బ్రేకు వేసిందట. ఆ సాయంత్రమే ఆయన తాళాలు తీసి తన చొక్కా జేబులో వేసుకున్నాడు. కోప్పడలేదు, బతిమాలాడు. నర్సమ్మ బస్సెక్కడం మొదలుపెట్టింది. బస్సు గుట్ట మీదికి పోదు. పైనున్న ఇళ్లకి నడిచి వెళ్లేసరికి సగం పొద్దు గడిచేది. కారు లేకపోతే ఒకటో తారీఖు నుంచి గుట్ట మీది రోగుల్ని ఇంకొకరికి అప్పగిస్తామని ఆఫీసువాళ్లు చెప్పేశారు. ఆ ఇళ్లకి ఆమె తొమ్మిదేళ్లుగా వెళుతోంది.

ఇదంతా మేస్త్రీకి తెలిసింది ఇరవై తొమ్మిదో తారీఖున. మాస్టారు కారు తెచ్చి షెడ్డు ముందు పెట్టి, ఎవరైనా కొనేవాళ్లుంటే చూడమన్నాడు. ఆవిడ ఇక నడపదన్నాడు. ఆ మాట అన్నప్పుడు మేస్త్రీ ఉద్దేశం అది కాదు. కానీ ఉద్దేశాలు ఎవరికి కావాలి? విన్నవాడికి మాటే మిగులుతుంది.

అమ్మే బండిని నాలుగు రకాల రోడ్ల మీద నడిపి చూడడం వాడుక. మేస్త్రీ తాళాలు తీసుకుని మొదటిసారి గుట్ట వైపు తిప్పాడు. సగం ఎక్కేసరికి యాక్సిలరేటర్ ఎంత తొక్కినా బండి బద్ధకించింది. డాష్‌బోర్డు వెనక నుంచి సన్నగా ఒక చప్పుడు. పళ్ల సందున గాలి వదిలినట్టుంది. పైకెక్కి జంక్షన్లో ఆపాడు. క్లచ్ నేలకి ఆనేదాకా తొక్కిపట్టాడు. చప్పుడు మారింది. ఇప్పుడెవరో లోపలికి పీలుస్తున్నారు. స్టీరింగ్ చేతుల్లో వణికింది. ఇంజిన్ రెండుసార్లు ఎగిరి ఆగిపోయింది.

వెనక నుంచి హారన్లు మొదలయ్యాయి. ఒక వ్యాను డ్రైవరు పక్కనుంచి పోతూ తల బయటపెట్టాడు.

"ముందు క్లచ్ తొక్కడం నేర్చుకుని రా బాబాయ్!"

మేస్త్రీ చెవులు ఎర్రబడ్డాయి. ఆ మాట ఆయనకి కొత్త కాదు. ఆయన నోటి నుంచే వచ్చింది, తిరిగి తిరిగి ఇప్పుడు ఇల్లు చేరింది. ఆయాసం అని ఆవిడ మొదటి రోజే చెప్పింది. రోగుల ఛాతీ మీద చెవి పెట్టి బతికే మనిషి చెబితే, తాను నవ్వాడు. పొద్దున్నే చల్లటి ఇంజిన్ని పరీక్షించడమంటే, జ్వరం దిగాక థర్మామీటరు పెట్టడమే.

కారుని రోడ్డు పక్కకి తోసి తమ్ముడికి ఫోన్ చేశాడు. స్కానర్, పొగ డబ్బా, చిన్న అద్దం, మందపాటి చేతి తొడుగులు పట్టుకుని వెంటనే రమ్మన్నాడు. బండి చల్లారకముందే అన్నాడు. వేడి మీదేనా అని అవతల నుంచి రెండుసార్లు ప్రశ్న వచ్చింది. విన్నది నిజమో కాదో తమ్ముడికి అనుమానం వచ్చినట్టుంది.

తమ్ముడు వచ్చేసరికి మేస్త్రీ బండి మళ్లీ స్టార్ట్ చేసి, ఇంజిన్ చల్లబడకుండా యాక్సిలరేటర్ తొక్కుతూ కూర్చున్నాడు. స్కానర్ తగిలించారు. పొద్దున్న పూట మూడు చూపించే అంకె ఇప్పుడు ఇరవై ఎనిమిది చూపిస్తోంది. అంటే ఇంజిన్ కంప్యూటర్ మామూలు కంటే నూటికి ఇరవై ఎనిమిది వంతులు ఎక్కువ పెట్రోలు పోస్తోంది. ఎక్కడి నుంచో లెక్కలో లేని గాలి దొంగతనంగా దూరుతుంటే, దానికి సరిపెట్టలేక చస్తోంది. ఊరికే తిరిగేటప్పుడు ఇంజిన్ పీల్చుకుంటుంది కాబట్టి చీలికలోంచి గాలి లోపలికి వస్తుంది. గుట్ట ఎక్కేటప్పుడు టర్బో గాలిని తోస్తుంది కాబట్టి అదే చీలికలోంచి బయటికి పోతుంది. పీల్చడం, వదలడం. నర్సమ్మ చెప్పింది అక్షరాలా అదే.

ఇంకా చోటు తెలియాలి. మండే స్ప్రే కొట్టి వెతికేవాళ్లున్నారు, కానీ ఇంత వేడి మీద అది కొరివితో తల గోక్కోవడమే. ఇంజిన్ ఆపి పొగ తగిలించారు. రెండు నిమిషాలకి గాలి పంచే పెద్ద గొట్టం వెనక నుంచి, ఇంజిన్‌కీ దాని వెనకున్న ఇనుప గోడకీ మధ్య సందులోంచి సన్నటి తెల్ల పోగు లేచింది. అన్నదమ్ములిద్దరూ దాని మీదికి వంగారు.

అద్దం పెట్టి చూడాలంటే చెయ్యి ఆ సందులోకి పోవాలి. మేస్త్రీ తొడుగు వేసుకుని ప్రయత్నించాడు. ఆయన చెయ్యి మోచేతి దగ్గరే ఇరుక్కుంది. తమ్ముడిది సన్నటి చెయ్యి. ఆ సంగతి ఇద్దరికీ తెలుసు.

"చల్లారనిద్దాం" అన్నాడు మేస్త్రీ.

"చల్లారితే చీలిక మూసుకుపోతుంది కదన్నా." తమ్ముడు గడియారం విప్పి అన్న జేబులో వేశాడు. "కాలింది నా చెయ్యి. భయపడింది నువ్వు. పన్నెండేళ్లు చాల్లే."

మేస్త్రీ తన తొడుగు విప్పి తమ్ముడికి తొడిగాడు. వేడి గొట్టం మీద తడిగుడ్డ మడతపెట్టి వేశాడు. తమ్ముడి చెయ్యి లోపలున్నంతసేపూ ఆ మోచేతిని రెండు చేతులతో పట్టుకుని నిలబడ్డాడు. అద్దంలో కనిపించింది. బొటనవేలంత రబ్బరు వంపు గొట్టం. నూనె ఆవిరికి నాని నాని మెత్తబడింది. అడుగున వేలిగోరంత చీలిక. చల్లగా ఉన్నప్పుడు బిగుసుకుని పెదవులు మూసుకుంటుంది, వేడెక్కితే నోరు తెరుస్తుంది. తమ్ముడి చెయ్యి క్షేమంగా బయటికి వచ్చింది. మేస్త్రీ దాన్ని తిప్పి తిప్పి చూసి వదిలాడు.

కొత్త వంపు గొట్టం మర్నాడు మధ్యాహ్నానికి దొరికింది. బిగించి, గుట్ట రెండుసార్లు ఎక్కించి, జంక్షన్లో పది నిమిషాలు ఆపి చూశారు. ఇంజిన్ వణకలేదు, ఆగలేదు. స్కానర్లో అంకె రెండు. తమ్ముడు ఈల వేశాడు. మేస్త్రీ మాత్రం చేతులు కడుక్కుని ఉతికిన చొక్కా వేసుకున్నాడు. అసలు రిపేరు ఇంకా మిగిలే ఉందని ఆయనకి తెలుసు.

మాస్టారి ఇంటి ముందు గదిలో కుర్చీ చూపించినా కూర్చోలేదు. తప్పు బండిదని, అమ్మగారి కాలిది కాదని, ఆ మాట తాను తెలియక అన్నానని నిలబడే చెప్పాడు. మాస్టారు లోపలి గుమ్మం వైపు చూశాడు. అక్కడ నర్సమ్మ దూది కట్టలు సంచిలో సర్దుతూ ఆగిపోయి ఉంది. ఆమె తిడుతుందని మేస్త్రీ సిద్ధపడి వచ్చాడు. తిడితే బాగుండేది.

"మొదట మూడుసార్లూ బండిదే తప్పనుకున్నాను" అందామె. "మీరు అన్నాక నా కాలేనని నమ్మేశాను. ఇంట్లో నిలబడి కూడా కాలు ఎలా కదుపుతున్నానో చూసుకుంటున్నాను."

మాస్టారు తల వంచుకున్నాడు. మేస్త్రీ కారు తాళాలు ఆమె చేతికిచ్చి, ఒక్కసారి నడిపి చూడమన్నాడు. తాను పక్కన కూర్చుంటానన్నాడు.

ఆమె సీటు ముందుకి జరుపుకుంది. అద్దం సరిచేసుకుంది. స్టార్ట్ చేసింది. గేరు వేసి క్లచ్ వదలగానే కారు గుర్రంలా ఎగిరి ఆగిపోయింది. మళ్లీ తిప్పింది, మళ్లీ ఆగింది. ఆమె చేతులు ఒళ్లో పెట్టుకుని ముందుకి చూస్తూ అడిగింది.

"ఇది బండి కాదు కదా?"

ఇంకా ఏదో లోపం మిగిలిందని అబద్ధం చెప్పేయాలని మేస్త్రీ నోటిదాకా వచ్చింది. కానీ బండి గురించి ఆమెతో ఇంకొక్క తప్పుమాట చెప్పడానికి ఆయనకి మనసు రాలేదు.

"కాదమ్మా. ఇప్పుడు తప్పు కాలిదే. దాన్ని నేను పాడుచేశాను."

నర్సమ్మ ఆయన వంక తిరిగి చూసింది. మళ్లీ తాళం తిప్పింది. వీధి దాటేలోపు ఇంకో రెండుసార్లు ఆగింది. గుట్ట ఎక్కేటప్పుడు గేరు మార్చడానికి పెదవులు కదుపుతూ ఏదో లెక్కపెట్టుకుంది. మేస్త్రీ ఒక్క సలహా కూడా ఇవ్వలేదు. పైన జంక్షన్లో ఎర్రదీపం పడింది. ఆమె ఆపింది. ఇంజిన్ మెత్తగా, తన పని తాను చేసుకుంటూ తిరుగుతోంది. ఆమె మోకాలు మాత్రం వణుకుతోంది.

పచ్చదీపం పడింది. కారు కదల్లేదు. ఆమె క్లచ్ నేలకి అదిమిపట్టి అలాగే ఉండిపోయింది. వెనక ఒక హారన్, దాని వెనక ఇంకొకటి, ఆ తర్వాత వరసంతా మొదలుపెట్టింది. మేస్త్రీ కిటికీ అద్దం దించి, మోచేతి దాకా చెయ్యి బయటికి చాపి, వెనకవాళ్లని ఆగమని చూపించాడు. ఆమె కాలు కుదుటపడేదాకా ఆ చెయ్యి అలాగే పట్టుకుని కూర్చున్నాడు.