‘పాతవి’ అని రాసిన డిస్కు

మా చెక్కపని కొట్టులో తలుపుల మీద పువ్వులు చెక్కే మిషను ఉంది. దాన్ని నడిపేది కాలం చెల్లిన కంప్యూటరు. చేసిన కంపెనీయే దాన్ని గాలికొదిలేసింది. కొత్తది తెచ్చి తగిలిస్తే మిషను ముఖం తిప్పుకుంటుంది. అది ఆగితే కొట్టు ఆగుతుంది.

మా అల్లుడు కంప్యూటర్లు బాగుచేస్తాడు. అది మొరాయించినప్పుడల్లా వచ్చేవాడు. అంతా తుడిచి, మొదటినుంచి ఎక్కించి, పైన అప్‌డేట్ ముక్కలు వరసగా వేసేవాడు. ఒక్కటి తప్పినా మిషను కదలదు. ఆ ముక్కలు నెట్‌లో ఎప్పుడో తీసేశారు. ఉన్నవన్నీ ఒక నల్ల డిస్కులో దాచి, చీటీ అంటించి మా అలమరలో పెట్టాడు. పని చేసినందుకు ఏనాడూ చెయ్యి చాపలేదు. టీ తాగి పోయేవాడు.

మొన్న ఆస్పత్రి తలుపులు సగంలో ఉండగా మిషను ఆగింది. అల్లుడు, అమ్మాయి కలిసి వచ్చారు.

“బావా, పడకేసింది నీ ముసల్ది,” అన్నాడు మా అబ్బాయి.

“లేపుదాం లేరా. డిస్కు తియ్యి.”

“ఏ డిస్కు?”

“నల్లది. ‘పాతవి’ అని రాసుంటుంది.”

మావాడు మూలనున్న తుక్కు డబ్బా వైపు చూశాడు. మా కొట్టులో పాతవి అంటే అరిగిన రంపపు బిళ్లలు, విరిగిన ఉలులు. డబ్బా నిండగానే తుక్కువాడికి పోస్తాం.

“పోసేశావా?”

“పాతవి అని రాస్తే ఏమనుకోను?”

“పాతదానికి కావలసినవని అర్థంరా!”

“ఆ ముక్క రాయడానికి చెయ్యి నొప్పా? ఇన్నేళ్లు ఊరికే మా టీలు తాగావు, మా కొట్టు మాట తెలీదా?”

అమ్మాయి తమ్ముడి వైపు చూసింది. అల్లుడు సంచి భుజాన వేసుకున్నాడు.

“నోర్ముయ్యరా,” అన్నాను. “కూర్చోండి అల్లుడు గారూ.”

“వస్తాను మామయ్యా,” అన్నాడు. రాలేదు.

తుక్కువాడి దగ్గరికి నేనే వెళ్లాను. సరుకు కొలిమికి పోయిందన్నాడు. ఆస్పత్రివాళ్లు తలుపులు వేరే కొట్టుకిచ్చారు. అమ్మాయి ఫోను ఎత్తడం లేదు.

“బావకి తప్పయిందని చెప్పరా,” అన్నాను మావాడితో.

“చెబితే మిషను నడుస్తుందా నాన్నా?”

మిషను సంగతి నేనెత్తలేదు.