సొంత కోర్టులో మూడో ఓటమి

సిద్దిపేటలోని ఆ డిగ్రీ కాలేజీ బాస్కెట్‌బాల్ కోర్టులో శ్రావణ్ మూడేళ్లలో ఓడిపోయింది రెండుసార్లే. ఆ రెండూ తాను ఓడినవి కావని, అడిగినవాళ్లకూ అడగనివాళ్లకూ అతను ఓపికగా చెప్పేవాడు. మొదటిసారి వాన వల్ల ఓడాడు. వాన పడింది ముందురోజు. మ్యాచ్ వేళకు కోర్టు ఎండి దుమ్ము లేస్తోంది. రెండోసారి జ్వరం వల్ల ఓడాడు. ఆ జ్వరం మ్యాచ్ అయిపోయి, ఇంటికి పోయి, అన్నం తిన్న తర్వాత వచ్చింది. "లోపల పొద్దుగాలనే ఉన్నది, బయటికి రాలే గంతే" అనేవాడు శ్రావణ్. విన్నవాళ్లు తలూపేవారు. ఆరడుగుల రెండంగుళాల మనిషి మాట కాదనడానికి మెడ పైకెత్తాలి. అంత కష్టం ఎవరు పడతారు?

ఆ కోర్టు మీద అతనికున్న పట్టు మాత్రం నిజం. పాత సిమెంటు గచ్చులో నాలుగు చోట్ల లోపల గుల్లబడింది. బంతి అక్కడ పడితే లేవదు, అలిగిన అల్లుడిలా కూర్చుంటుంది. ఆ నాలుగు జాగాలూ శ్రావణ్‌కు కళ్లు మూసుకున్నా తెలుసు. ఎదుటివాణ్ణి మెల్లగా అటు తోలేవాడు, బంతి చచ్చిన చోట చేయి చాపి తీసుకుపోయేవాడు. మేస్త్రీని పిలిపించి గచ్చు బాగు చేయిద్దామని ఆటలు నేర్పే పీడీ భిక్షపతి సార్ అన్నప్పుడల్లా అందరికంటే ముందు అడ్డం పడింది శ్రావణే.

"వద్దు సార్. పాత కోర్టంటే పెద్దమనిషి లెక్క. పెద్దమనిషి ముడుతలు ఎవడన్న ఇస్త్రీ చేస్తడా?"

భిక్షపతి సార్ మాటకారి కాదు. విజిల్ నోట్లో పెట్టుకుని ఊరుకునేవాడు.

అది రెండువేల పదో సంవత్సరం. తెలంగాణ కోసం ఊరూరా దీక్షా టెంట్లు వెలిశాయి. కాలేజీ నోటీసు బోర్డు మీద పరీక్షల తేదీల కంటే బంద్‌ల తేదీలే ఎక్కువ కనిపించేవి. పొడుగ్గా ఉంటాడు, గొంతు పెద్దది, ఫోటోలో వెనక నిలబడ్డా కనిపిస్తాడు కాబట్టి విద్యార్థి జేఏసీ వాళ్లు శ్రావణ్‌ను పట్టణ కో-కన్వీనర్‌ను చేశారు. అతనికి తెలంగాణ రావాలని నిజంగానే ఉంది. దాంతోపాటు మెదక్ జిల్లా జట్టు కెప్టెన్ పదవి కూడా రావాలని ఉంది. రెండూ ఒకే తొవ్వలో వస్తే తప్పేమిటో అతనికి కనిపించలేదు.

కెప్టెన్ పదవికి పద్ధతి ఒకటుంది. జిల్లా కాలేజీల పోటీలో గెలిచిన జట్టు కెప్టెనే జిల్లా జట్టుకు కెప్టెన్. పన్నెండు మందిని ఎంచుకుని హైదరాబాదు తీసుకుపోయేది అతనే. సిద్దిపేట జట్టు కెప్టెన్ శ్రావణ్. ఆ ఏడు పోటీలు సిద్దిపేటలో, అతని సొంత కోర్టులో పెట్టారు. ఇంకో నియమం కూడా ఉంది: చెప్పిన వేళకు అరగంట దాటినా రాని జట్టు ఓడినట్టే.

ఈ రెండో నియమం శ్రావణ్‌కు మొదటిదాని కంటే ఎక్కువ నచ్చింది.

మొదటి ఆటకు సంగారెడ్డి జట్టు రావాలి. గట్టి జట్టు. సరిగ్గా ఆ రోజే ఆ తొవ్వలో రాస్తారోకో పడింది. రెండో ఆటకు మెదక్ జట్టు రావాలి. ఆ రోజు ఆ తొవ్వ బంద్. రెండు రోజులూ శ్రావణ్ ఖాళీ కోర్టులో అరగంట నిలబడి, వాచీ చూసుకుని, చెమట పట్టకుండా గెలిచాడు. జేఏసీ సమావేశంలో తొవ్వల పేర్లు ప్రతిపాదిస్తున్నది ఎవరో పెద్దలు గమనించలేదు. గమనించినా కుర్రవాడి పట్టుదలకు మురిసిపోయారు.

ఫైనల్ దుబ్బాకతో పడింది. నాలుగు రోజుల ముందు టెంటులో శ్రావణ్ లేచి నిలబడ్డాడు.

"దుబ్బాక తొవ్వను మనం ఇప్పటిదాక పట్టించుకోలే. గక్కడి జనం మనసు చిన్నబుచ్చుకుంటున్నరు. గురువారం రాస్తారోకో, మధ్యాహ్నం వంటావార్పు పెడుదాం."

టెంటుకు పెద్దదిక్కు రాజమల్లయ్య, రిటైరైన తెలుగు పంతులు. ఆయన కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. "చూసిన్రా! తన ఆట ఉన్న రోజే ఉద్యమం అంటున్నడు. గిసొంటి పిల్లలున్నంక తెలంగాణ ఎట్ల రాదు?"

అందరూ చప్పట్లు కొట్టారు. శ్రావణ్ వినయంగా తల దించుకున్నాడు. అంత ఎత్తు నుంచి దించడం వల్ల ఆ వినయం చివరి వరుసదాకా కనిపించింది.

గురువారం పొద్దున్నే ఊరి చివర దుబ్బాక తొవ్వకు అడ్డంగా షామియానా వేశారు. నడిరోడ్డు మీద మూడు రాళ్ల పొయ్యిలు ఆరు పెట్టి వంట మొదలుపెట్టారు. వంటకు పెద్ద రాములవ్వ. ఆమె గంటె ఊపితే జేఏసీ నాయకులు కూడా పక్కకు తప్పుకునేవారు. బస్సులు లేవు, ఆటోలు లేవు. మ్యాచ్ మూడు గంటలకు. రెండున్నరకు బండి మీద కాలేజీకి పోవాలి, మూడున్నరదాకా నిలబడాలి, కెప్టెన్‌గా ఇంటికి రావాలి. ఇదీ శ్రావణ్ లెక్క. వేడి రోడ్డు మీద కూర్చుని "జై తెలంగాణ" అని అరుస్తుంటే అతని గొంతులో ఆ రోజు ప్రత్యేకమైన తీపి ఉంది.

పన్నెండు దాటాక దూరాన డప్పులు వినిపించాయి.

ముందు ఒక ట్రాక్టర్ వచ్చింది. దాని ముందు నేత గుడ్డతో చేసిన పెద్ద బ్యానర్: 'దుబ్బాక చేనేత బిడ్డల సంఘీభావ యాత్ర'. ట్రాలీలో నలభై మంది, చేతుల్లో జెండాలు. మధ్యలో ఎనిమిది మంది కుర్రాళ్లు మెడలో తువ్వాళ్లు వేసుకుని నిలబడి ఉన్నారు. వాళ్ల నడుమ అక్రమ్, దుబ్బాక జట్టు కెప్టెన్, అక్కడి బస్టాండు దగ్గర సైకిల్ షాపు నడిపే అమీనుద్దీన్ కొడుకు. చంకలో బాస్కెట్‌బాల్.

శ్రావణ్ ఆ బంతిని చూసి స్లోగన్ మధ్యలో ఆపేశాడు. వెనక జనం "జై" అనేసి, దేనికి జై అనాలో తెలియక ఎదురు చూశారు.

ఎంత పెద్ద బంద్ అయినా దవాఖానకు పోయే బండినీ ఉద్యమం బండినీ ఆపరు. అది ఎవరూ రాసిపెట్టని చట్టం. సంగారెడ్డి వాళ్లకు, మెదక్ వాళ్లకు తట్టనిది దుబ్బాక వాళ్లకు తట్టింది.

"దారిల మూడు జాగలల్ల రాస్తారోకో ఉండె భాయ్" అన్నాడు అక్రమ్, ట్రాలీ మీంచి దూకుతూ. "ఒక్క జాగల గూడ ఆపలే. రెండు జాగలల్ల మజ్జిగ పోసిన్రు. ఒక తాన ఉపన్యాసం ఇయ్యమన్నరు, ఇచ్చిన. నాకే తెల్వదు ఏం మాట్లాడిన్నో, సీటీలు కొట్టిన్రు."

రాజమల్లయ్య పంతులు ఆనందంతో కళ్లజోడు మళ్లీ తుడుచుకున్నాడు. "శ్రావణ్, దండలు తే బిడ్డా! నువ్వే ఎయ్యి, నీ పిలుపుకే వచ్చిన్రు."

ఫోటోగ్రాఫర్ ముందు శ్రావణ్ ఎనిమిది మందికీ బంతిపూల దండలు వేశాడు. అక్రమ్ మెడలో వేసేటప్పుడు, "రాకుండ ఉంటే బాగుండు" అనే మాట పళ్ల మధ్యే నలిగింది. ఆ ఫోటో మర్నాటి జిల్లా పేజీలో వచ్చింది. అందులో శ్రావణ్ ముఖం అచ్చమైన ఉద్యమ ఆవేశంతో ఉందని అందరూ అన్నారు.

అయినా శ్రావణ్ అంత తొందరగా చేతులెత్తే మనిషి కాదు. పొయ్యిల మీద అన్నం ఉడుకుతోంది. పప్పుచారు ఘుమఘుమలాడుతోంది. అతనికి రెండో ఉపాయం తట్టింది. కడుపు నిండినవాడు ఎగరలేడు.

"అతిథులు! ముందుగాల అతిథులకు!" అంటూ విస్తళ్లు తానే పరిచాడు. గంపెడన్నం మోసుకొచ్చి దుబ్బాక ఆటగాళ్ల ముందు గుట్టలు పోశాడు. "తినుండ్రి, తినుండ్రి. ఇంక జర. మా సిద్దిపేట ఇజ్జత్ తీయకుండ్రి" అని వంకాయ కూర, పచ్చిపులుసు, మళ్లీ అన్నం వడ్డించాడు.

రాములవ్వ నడుం మీద చేయి పెట్టుకుని ఇదంతా చూసింది. ఆమె గంటె గాలిలోకి లేచింది.

"ఏం పోరనివిరా నువ్వు! చుట్టాలకు వడ్డించి నువ్వు నిలబడి చూస్తవా? దిష్టి పెడుతున్నవా? వంటావార్పు అంటే అందరు పక్కపక్కన కూసోని తినుడు. కూసో!"

"నాకు ఆకలి లేదవ్వా."

"పొద్దుగాల సంది అరుస్తున్నవ్, ఆకలెందుకు లేదు? మా చేతి కూడు మింగుడు పడదా నీకు?"

నలుగురూ తిరిగి చూశారు. అలాంటి మాట పడ్డాక ఆ రోడ్డు మీద ఎవరూ నిలబడి ఉండలేరు. శ్రావణ్ అక్రమ్ పక్కనే కూర్చున్నాడు. అతను దుబ్బాక వాళ్లకు ఒకటి వేస్తే రాములవ్వ అతనికి రెండు వేసింది. ఎత్తును బట్టి వడ్డించిందని తర్వాత చెప్పింది. దుబ్బాక కుర్రాళ్లు నెమ్మదిగా, ఇష్టంగా, తమకు చాలినంత తిని ఆకు మడిచారు. విస్తట్లో మెతుకు వదిలితే రాములవ్వ ఊరుకోదు కాబట్టి శ్రావణ్ అంతా తిన్నాడు.

చివరి ఆశగా శ్రావణ్, జనం ఉంటేనే రాస్తారోకో నిలుస్తుంది, నేను ఎట్లా వదిలి వస్తాను, ఆట ఇంకో రోజుకు జరుపుదాం అన్నాడు. రాజమల్లయ్య పంతులు దానికీ మార్గం చూపాడు. "ఇద్దరికి ఇద్దరు మన పిల్లలే. అందరం పోయి చూద్దాం. గీడ పదిమంది కూసుంటె చాలు."

ఆ విధంగా కోర్టు చుట్టూ ఎన్నడూ లేనంత జనం చేరారు. డప్పులు వచ్చాయి, గంటెలతో సహా వంట ఆడవాళ్లు వచ్చారు. శ్రావణ్ రింగులో వేస్తే "జై తెలంగాణ" అన్నారు. అక్రమ్ వేసినా "జై తెలంగాణ" అన్నారు. తన కోర్టు, తన ఊరి జనం, తనే పిలిచిన జనం. అందులో తనకోసం అరిచేది ఎవరో శ్రావణ్‌కు అంతు చిక్కలేదు.

దుబ్బాక వాళ్లు బంతిని నేలకు కొట్టనే లేదు. జట్టులో ఐదుగురు మగ్గాల ఇళ్ల పిల్లలు. మగ్గం మీద నాడె ఈ చేతి నుంచి ఆ చేతికి పోయినట్టు బంతి వాళ్ల మధ్య అటూ ఇటూ పోయింది. శ్రావణ్ వాళ్లను ఒక గుల్ల జాగా మీదికి తోలాడు. ఇంకోదాని మీదికి తోలాడు. నేల తాకని బంతికి ఏ జాగా అయితేనేం? మూడో క్వార్టర్లో తానే తొందరపడి ఆ జాగాలో బంతి కొట్టాడు. అది లేవలేదు. వంగి అందుకోబోతే పచ్చిపులుసు గొంతుదాకా వచ్చింది. బంతి అక్రమ్ తీసుకుపోయాడు.

దుబ్బాక యాభై ఎనిమిది, సిద్దిపేట నలభై ఒకటి.

శ్రావణ్ కాసేపు కోర్టు మధ్యలో నడుం పట్టుకుని నిలబడ్డాడు. ఆకాశంలో మబ్బు లేదు. ఒంట్లో వేడి లేదు. అన్నం వల్ల ఓడానంటే వడ్డించింది ఎవరని అడుగుతారు. చివరకు భిక్షపతి సార్ దగ్గరికి పోయాడు.

"సార్, ఇయ్యాల బంద్. బంద్ రోజు ఆడిన ఆట చెల్లదు."

భిక్షపతి సార్ మూడేళ్లుగా నోట్లో ఉంచుకున్న విజిల్ తీసి జేబులో వేసుకున్నాడు.

"నిజమే బిడ్డా. బంద్ రోజు ఆట చెల్లకపోతే బంద్ రోజు గెలుపు గూడ చెల్లది. సంగారెడ్డోళ్లను, మెదకోళ్లను మళ్ల పిలుస్త. ఆడుతవా?"

శ్రావణ్ బండి తీసుకుని రాస్తారోకో దగ్గరికి పోయాడు. అక్కడ పదిమందీ నిద్రపోతున్నారు. వాళ్ల ముందు నడిరోడ్డు మీద ఒక్కడే కూర్చున్నాడు. ఉద్యమం ఇంకా ఉంది, రోడ్డు ఇంకా ఉంది, ఎవరూ స్కోరు అడగరు.

పొద్దు వాలే వేళకు ట్రాక్టర్ తిరిగి వచ్చింది. అతను లేవలేదు. డ్రైవరు రెండుసార్లు హారన్ కొట్టాడు. అక్రమ్ దిగివచ్చి ఎదురుగా గొంతుక్కూర్చున్నాడు.

"జిల్లా జట్టు పేర్లు రాసిచ్చిన భాయ్, పీడీ సార్‌కు."

"రాసుకో. నాకెందుకు చెప్తవ్?"

"పన్నెండోది నీ పేరు రాసిన. ప్రాక్టీసు మా దుబ్బాక కోర్టుల. మొదలు బెంచీ మీదనే కూసుంటవ్. మావోళ్లు వద్దన్నరు, గా పొడుగోడు తొవ్వకు అడ్డం పడుడు తప్ప దేనికి పనికొస్తడన్నరు. అడ్డం గూడ పనికొస్తదన్న నేను."

"బెంచీ మీదనా? నేనా? మా కోర్టుల మూడేండ్లల్ల ఓడింది రెండుసార్లు..."

"మూడు" అన్నాడు అక్రమ్.

శ్రావణ్ రోడ్డు వైపు చూశాడు. తనకు తెలియని తొవ్వ. దుబ్బాక కోర్టు గచ్చు ఎట్లా ఉంటుందో, అసలు గచ్చు ఉందో లేదో కూడా తెలియదు. అక్కడ ఎక్కడ బంతి లేస్తుందో ఎక్కడ చస్తుందో చెప్పేవాళ్లు లేరు. బాగా ఆడడం తప్ప వేరే దారి ఉండదు. ఆ ఆలోచనకే అతనికి కొంచెం జ్వరం వచ్చినట్టయింది.

ట్రాలీలో ఎవరో మూడోసారి హారన్ కొట్టమన్నారు. శ్రావణ్ లేచి, ప్యాంటుకు అంటిన దుమ్ము దులుపుకుని, రోడ్డు పక్కకు జరిగాడు. ట్రాక్టర్ పది గజాలు పోయాక దాని వెంట నాలుగడుగులు పరుగెత్తాడు.

"అక్రమ్! ప్రాక్టీసు ఎన్ని గంటలకు?"