మొగులమ్మ ముఖం

బడి నుంచి వచ్చిన రుచిత భుజం మీది బ్యాగు కూడా దించకుండా కుట్టుమిషను పక్కన నిలబడింది. మూడో తరగతి పిల్ల. ఏదైనా అడగాలంటే ముందు తల్లి మోచేతిని వేలితో రెండుసార్లు పొడవడం అలవాటు.

"అమ్మా, శుక్రవారం మా బళ్లె హాలోవీన్. అందరు మేకప్ ఏస్కొని రావాలె. దుకాన్ల ఏం కొనొద్దంట, ఇంట్ల ఉన్నయితోనే ఏస్కోవాలంట."

"హాలోవీన్ అంటే దయ్యాలే కద?" అంది నిరోష, జాకెట్టు చేతికి కుట్టు వేస్తూనే.

"ఒట్టి దయ్యాలే గాదు. సచ్చిపోయినోళ్లు ఒక్కరోజు ఇంటికొస్తరని ఎన్కటోళ్లు అనుకునేటోళ్లంట. అమూల్య టీచర్ చెప్పింది." రుచిత తల్లి మోచేతిని వేలితో రెండుసార్లు పొడిచింది. "నేను నానమ్మనైత."

మిషను ఆగిపోయింది. నిరోష చూపు కిటికీ వైపు వెళ్లింది. బయట, గుమ్మం పక్కన పరిచిన నాపరాయి మీద మామ మత్తయ్య కూర్చుని ఉన్నాడు. ఈ మాట విన్నాడో లేదో తెలియలేదు. పదకొండు నెలలుగా ఆయన చోటు అదే.

కిందటేడు నవంబరు చివర్లో అత్త మొగులమ్మ వికారాబాదులోని చెల్లెలింటికి బయలుదేరింది. భర్తను కూడా రమ్మంది. ఏదో చిన్న మాటకు అలిగి ఉన్న మత్తయ్య, "నువ్వే పో, నేను రాను" అన్నాడు. ఆ చిన్న మాటేమిటో ఇప్పుడు ఇంట్లో ఎవరికీ గుర్తులేదు. రెండో రోజు తెల్లవారేసరికి మొగులమ్మ నిద్రలోనే పోయింది. తాండూరుకు తీసుకొచ్చి, ముఖం మీది గుడ్డ తొలగించి, ఆఖరిచూపుకు రమ్మని పిలిస్తే మత్తయ్య రాలేదు. పెరటి గోడకు నుదురు ఆనించి నిలబడ్డాడు. మట్టి వేసేటప్పుడు కూడా లేడు. చర్చికి పోవడం, వీధి మలుపు దాటడం అప్పటినుంచే మానేశాడు.

ఆ సాయంత్రం భర్త చంద్రకాంత్ పాలిషింగ్ యూనిట్ నుంచి ఒళ్లంతా రాతిపొడితో, బూడిదరంగు కనుబొమలతో ఇంటికొచ్చాడు. అతను కుళాయి దగ్గర ముఖం కడుక్కుంటుంటే నిరోష సంగతి చెప్పింది.

"దయ్యాల పండుగ మనకెందుకు? పాస్టరయ్యకు తెలిస్తే ఏమంటడో. మామ సూస్తే ఎట్లుంటదో."

చంద్రకాంత్ చాలాసేపు నీళ్లు చల్లుకుంటూనే ఉన్నాడు. "ఆదివారం సమాధుల పండుగ. పూలు, కొవ్వొత్తులు పట్టుకొని మనమే అమ్మ తానికి పోతున్నం కద. అంతకు ముందుగల్ల అమ్మ మన ఇంటికొస్తే తప్పేంది?" అన్నాడు. తువ్వాలులో ముఖం దాచుకున్నాడు.

శుక్రవారం పొద్దున మంచు దట్టంగా దిగింది. ఎదురింటి గోడ కూడా సరిగా కనిపించడం లేదు. నిరోష కూతుర్ని కిటికీ ముందు పీట మీద కూర్చోబెట్టి, సామాను పక్కన పెట్టుకుంది. కొబ్బరినూనె, టాల్కమ్ పౌడరు, కాటుక, చెంచాడు కాఫీపొడి, కోసిన బీట్‌రూట్ ముక్క. అగ్గిపుల్లకు దూది చుట్టి కుంచె చేసింది.

ముందు ముఖానికి పలచగా నూనె రాసింది. కాఫీపొడిని నూనెలో మెత్తగా రంగరించింది.

"ఇప్పుడు ఏడుస్తున్నట్టు ముఖం ముడువు."

రుచిత ముడిచింది. ఎక్కడెక్కడ మడత పడిందో అక్కడే నిరోష సన్నగా గీత గీసింది. "ఇడువు" అని, గీత అంచును వేలితో మెల్లగా రుద్దింది. గీత గీతలా కాకుండా నీడలా కరిగిపోయింది. నుదుటి మీద నాలుగు, కళ్ల చివర కోడిపాదంలా మూడేసి, ముక్కు పక్కనుంచి పెదవుల దాకా రెండు. కళ్ల కింద కాటుకను తుడిచీ తుడవనట్టు పెట్టింది. దువ్వెనకు పౌడరు అద్ది జుట్టు దువ్వింది. కనుబొమల మీద కూడా వేలితో కొంచెం రాసింది. ఆకువక్క నమిలి పండిన పెదవుల కోసం బీట్‌రూట్ ముక్కను ఒక్కసారి తాకించింది.

చేస్తున్నకొద్దీ నిరోషకు తన చేతుల మీద నమ్మకం తప్పుతున్నట్టనిపించింది. తాను గీయడం లేదు. గనిలో నిలిచిన నీళ్లు తగ్గుతుంటే అడుగున ఉన్న బండ మెల్లగా తేలినట్టు, బిడ్డ ముఖంలో నుంచి అత్త ముఖమే పైకి వస్తోంది. ఒకసారి "అత్తమ్మా, జర ఇటు తిరుగు" అనేసి నాలుక కరుచుకుంది. రుచిత నవ్వలేదు. ఇటు తిరిగింది.

పచ్చబొట్ల దగ్గర చెయ్యి ఆగిపోయింది.

మొగులమ్మకు చిన్నప్పుడే నుదుటి మీద, గడ్డం మీద పచ్చబొట్లు పొడిపించారు. జ్ఞానస్నానం తీసుకున్నాక కుంకుమ మానేసింది గానీ పచ్చబొట్లు ఎక్కడికి పోతాయి? నుదుటి మీద ఒకటుండేది, అది నిరోషకు తెలుసు. గడ్డం మీద?

"మూడు చుక్కలు" అంది నిరోష.

"రెండే" అన్నాడు డ్యూటీకి తయారవుతున్న చంద్రకాంత్. "ఎడమ దిక్కు."

"కుడి దిక్కు."

ఇద్దరూ గోడ మీది ఫొటో చూశారు. లాభం లేదు. గుర్తింపు కార్డులోని చిన్న ఫొటోను పెద్దది చేసేటప్పుడు, అందంగా వస్తుందని స్టూడియోవాడు ముడతలూ పచ్చబొట్లూ అన్నీ తుడిచేశాడు. ఆ ఫొటోలో నున్నటి చెంపలతో ఎవరో తెలియని మనిషి ఉంది. ముప్పై ఏళ్లు చూసిన ముఖం చంద్రకాంత్‌కు, పదేళ్లు చూసిన ముఖం నిరోషకు సరిగ్గా గుర్తు రావడం లేదు. ఇద్దరికీ సిగ్గేసింది.

"నాలుగు" అని గుమ్మంలో నుంచి వినిపించింది.

మత్తయ్య లేచి నిలబడి ఉన్నాడు. లోపలికి రాలేదు. తల వంచుకునే మాట్లాడుతున్నాడు. "మూడు పక్కపక్కన. నాలుగోది కింది పెదవి కింద, లోపటికుంటది. నవ్వితే కనవడది. మీ ముంగట ఎప్పుడు నవ్వుకుంటనే ఉండె, అందుకే మీకు తెల్వదు."

"నువ్వే పెట్టు తాతా" అంది రుచిత.

ఆయన చెప్పులు విడిచి లోపలికొచ్చి, పీట ముందు గొంతుక్కూర్చున్నాడు. ఇరవై ఏళ్లు గనిలో కోతకు ముందు బండల మీద గురుతు గీసిన చెయ్యి అది. మనవరాలి పచ్చ స్కెచ్‌పెన్ను అందుకుని, తల ఎత్తి చూశాడు.

మత్తయ్య కళ్లు ఆ చిన్న ముఖం మీద నుదుటి నుంచి గడ్డం దాకా, మళ్లీ గడ్డం నుంచి నుదుటి దాకా తిరిగాయి. కిటికీలో మంచు తెల్లగా వెలుగుతోంది. పెన్ను మొన మెల్లగా నుదుటి మీద ఒకసారి, గడ్డం మీద మూడుసార్లు ఆనింది.

"నవ్వాల్నా తాతా?"

"వద్దు. కదలకు." నాలుగో చుక్క పెట్టాడు. కాఫీ రంగు పుల్ల తీసుకుని కుడి కనుబొమ మీద అడ్డంగా చిన్న గీటు కూడా గీశాడు. "కందికట్టె గీసుకున్నది. పెండ్లైన ఏడు." చేతిలోని పుల్ల కింద పెట్టి, "గిది మొగులమ్మ" అన్నాడు. చంద్రకాంత్ మొహం తిప్పుకుని టిఫిన్ డబ్బా సర్దుకోసాగాడు.

మొగులమ్మ పాత నేతచీరను సగానికి మడిచి బిడ్డకు కట్టింది నిరోష. రోజూ వచ్చే ఆటో బయట హారన్ కొట్టింది. మత్తయ్య గుమ్మం దిగి, "నువ్వు పో బాబూ, నేను తోల్కపోత" అని ఆటోను పంపించేశాడు. నిరోష తన చెవులను తాను నమ్మలేదు. వాళ్ల వెనకాలే నాలుగడుగుల దూరంలో నడిచింది.

మంచులో తాండూరు వీధులు ఎవరో సగం చెప్పి ఆపేసిన మాటల్లా ఉన్నాయి. బండల లారీ ఒకటి ఎక్కడో గుర్రుమంటోంది గానీ కనిపించడం లేదు. ముందు తాత, ఆయన వేలు పట్టుకుని నడుము కాస్త వంచి నడుస్తున్న పిల్ల. వెనకనుంచి చూస్తే, చాలా దూరంలో నడిచిపోతున్న ముసలి దంపతుల్లా ఉన్నారు.

పప్పుమిల్లు మలుపులో ఒక ముసలామె ఎదురైంది. మిల్లులో మొగులమ్మ పక్కన కూర్చుని ఏళ్ల తరబడి కందిపప్పు ఏరిన వెంకటమ్మ. మంచులో నుంచి రుచితను చూడగానే చేతిలోని సంచి జారవిడిచింది.

"మొగులీ!"

"నేను రుచితను" అంది పిల్ల భయపడి.

వెంకటమ్మ దగ్గరికొచ్చి కళ్లు చికిలించి చూసింది. నోటికి కొంగు అడ్డం పెట్టుకుని ఒకేసారి నవ్వింది, ఏడ్చింది. తర్వాత వంగి రుచిత కొంగును నడుము చుట్టూ తిప్పి ఎడమవైపు దోపింది. "మీ నానమ్మ గిట్ల దోపేది. పనిల వంగితె జారకుంట." మత్తయ్య వైపు తిరిగి, "బాగున్నవా అన్నా? ఎన్ని దినాలాయె నిన్ను సూడక" అంది. మత్తయ్య తల ఊపాడు.

బడిలో ఆ రోజంతా సున్నం ముఖాలు, ఎర్ర పెదాలు, నల్ల కోరలే. రుచితను చూసి కొందరు "ముసల్ది, ముసల్ది" అని వెంటబడ్డారు. అమూల్య టీచరు దగ్గరికొచ్చి, "నువ్వెవరమ్మా?" అని అడిగితే, "మా నానమ్మను. పప్పు మిల్లుల పని చేసిన" అని చెప్పింది. టీచరు ఆ నాలుగు చుక్కలనూ చాలాసేపు చూసి, ఎవరు పెట్టారని అడిగింది. మొదటి బహుమతి మాత్రం అస్థిపంజరంగా వచ్చిన సాయికిరణ్‌కు వెళ్లింది.

మత్తయ్య ఇంటికి తిరిగి రాలేదు. బడి వదిలేదాకా గేటు ఎదుటి చాయ్ హోటలు బల్ల మీదే కూర్చున్నాడు.

సాయంత్రం నిరోష ముఖం కడగడానికి నీళ్లు తెచ్చింది. "జర ఆగు బిడ్డా" అన్నాడు మత్తయ్య. మనవరాలిని గుమ్మం పక్కన తన రాయి మీద కూర్చోబెట్టుకున్నాడు. చెమటకు గీతలు అక్కడక్కడ చెదిరినా ముఖం ఇంకా మొగులమ్మదే. వాలుతున్న ఎండ ఆ ముఖం మీద పసుప్పచ్చగా పడుతోంది.

"ఆ దినం రమ్మంటే రానంటి" అన్నాడు మత్తయ్య, ఆ ముఖంతో. "ఆఖర్కి సూడనన్న సూడకపోతి. ఏ మొకం వెట్టుకొని సూడాలె? నా మీద కోపం తోటే పోయినవేమో. పదకొండు నెలల సంది గిదే ఫికర్. తప్పాయె మొగులమ్మా."

లోపల నిరోష గోడకు ఆనుకుని నిలబడిపోయింది. బయటికి పోవాలా వద్దా తెలియలేదు.

నానమ్మ గొంతు పెట్టి ఏదో ఒకటి అనొచ్చని రుచితకు తోచే ఉంటుంది. కానీ అలా అనలేదు.

"తాతా, నేను రుచితను. నానమ్మ ఏమంటదో నాకు తెల్వదు" అంది మెల్లగా. "వికారాబాదు చిన్ననానమ్మను అడుగుదాం. ఆఖర్కి నానమ్మ ఆమె తోనే ఉండె కద."

మత్తయ్య తడిగుడ్డ అందుకుని, చుక్కల దగ్గర మరీ మెల్లగా, తనే ఆ ముఖం తుడిచాడు. కింద నుంచి ఎనిమిదేళ్ల పిల్ల బయటికొచ్చింది.

ఆదివారం పొద్దున సమాధుల దగ్గరికి నలుగురూ వెళ్లారు. మత్తయ్య మొదటిసారి ఆ మట్టి చూశాడు. పెరిగిన గడ్డి పీకి, బంతిపూలు పెట్టి, గాలికి ఆరిపోతున్న కొవ్వొత్తిని అరచేయి అడ్డం పెట్టి కాపాడాడు. ప్రార్థన అయ్యాక ఇంటి దారి పట్టకుండా స్టేషను వైపు తిరిగాడు.

రైల్లో రుచిత కిటికీ పక్కన కూర్చుంది. కంది చేలు పూతకొచ్చి ఉన్నాయి. ఆ పసుపు మధ్యలో అక్కడక్కడ ఎర్రమట్టి దారులు. గంటలోపే వికారాబాదు వచ్చింది. మొగులమ్మ చెల్లెలు అనంతమ్మ బావను గుమ్మంలో చూసి బిత్తరపోయి, చేతిలోని జొన్నపిండితోనే బయటికి పరుగెత్తుకొచ్చింది.

మంచినీళ్లు కూడా తాగకుండా మత్తయ్య అడిగాడు. "అనంతమ్మా, ఆ రాత్రి మీ అక్క నన్నేమన్న అన్నదా? ఏం అన్లేదా?"

"అన్లేదా?" అనంతమ్మ ఆశ్చర్యపోయింది. "వచ్చినకాడికెల్లి పండుకునేదాక నిన్నే తిట్టింది బావా. 'మొండి మనిషి, అలిగి కూసున్నడు. ఆదివారం దాక సూస్త. రాకపోతే నేనే పోయి చెవు వట్టుకొని లేపుత' అన్నది. మస్తు తిట్టింది. తిట్టుకుంటనే రెండు రొట్టెలు తిన్నది."

"తిట్టిందా?"

"తిట్టింది."

మత్తయ్య గడప మీద కూలబడ్డాడు. ఆయన భుజాలు కదులుతుంటే ఏడుస్తున్నాడేమోనని నిరోష ముందుకు వంగి చూసింది. కళ్లనీళ్లు కారుతున్నాయి, పెదవులు మాత్రం నవ్వుతున్నాయి. మొగులమ్మ నోరు మూసుకుని మనసు కష్టపెట్టుకుని పోలేదు. తిట్టి, తిని, ఆదివారం లెక్క చూసుకుని పడుకుంది.

"మొదటికెల్లి చెప్పు" అన్నాడాయన. "రైలు దిగి గంట ఎన్ని గొట్టంగ వచ్చింది? ఏం చీర కట్టింది? ఏమన్నది?"

అనంతమ్మ పొయ్యి ముందు కూర్చుని, రొట్టె చరుస్తూ మొదటి నుంచి చెప్పడం మొదలుపెట్టింది. రుచిత తాత ఒడిలో తల పెట్టి వింటోంది.