పిన్ని చేతి మీద సగం తీగ

ఆమె పేరు చుక్క. బొమ్మలు వేస్తుంది. చిన్నప్పుడు గోడ కనిపిస్తే చాలు బొగ్గుతో చుక్కలు పెట్టేదని ఇంట్లోవాళ్లు పెట్టిన పేరది. ఇప్పుడు బొమ్మల కింద సంతకం కూడా అదే. వాళ్లది కొండజాతి. తల్లి ఆడవాళ్ల చేతులకు పచ్చబొట్లు పొడిచేది. చుక్కకు ఊహ తెలియకముందే పోయింది.

అందరూ “కొండజాతి చిత్రకారిణి” అంటుంటే చుక్కకు లోపల ముల్లు గుచ్చుకునేది. తాను వేస్తున్న గీతలు నిజంగా తనవాళ్లవో, తాను ఊహించుకున్నవో ఆమెకే తెలియదు. చెప్పగలిగినవాళ్లు ఒక్కొక్కరే వెళ్లిపోయారు. మిగిలింది పిన్ని ఒక్కతే.

పిన్ని ఇస్త్రీ దుకాణంలో పని చేస్తుంది. మండు వేసవిలోనూ మణికట్ల దాకా పొడుగు చేతుల జాకెట్టే వేసుకుంటుంది. ఒక ఆదివారం ఆమె చుక్క గదికి వచ్చి, గోడకు ఆనించిన బొమ్మలన్నీ చూసి, జాకెట్టు కుడి చెయ్యి పైకి మడిచింది. మణికట్టు దగ్గర మొదలై పాకిన పచ్చబొట్టు తీగ మోచెయ్యి చేరకుండానే ఆగిపోయి ఉంది.

“మీ అమ్మ పొడిచిందే,” అంది. “నొప్పికి తాళలేక మధ్యలో లేచి పారిపోయా. రేపు పూర్తిచేద్దాంలేవే అంది అక్క. తెల్లారేసరికి దానికి జ్వరం. మళ్లీ లేవలేదు.”

సగం తీగ చూసి నలుగురూ నవ్వుతారని ఇన్నేళ్లూ దాచిందట.

చుక్క తీగ మీద వేలు పెట్టి మెల్లగా నడిపింది. ప్రతి ఆకు దగ్గరా అమ్మ చెయ్యి కాస్త ఆగినట్టుంది. తానూ కుంచెను అలాగే ఆపుతుంది. అది తనకెవరూ నేర్పలేదనే అనుకుంది ఇన్నాళ్లూ.

మిగతా సగం ఎలా ఉండాలని అడిగింది.

“నాకేం తెలుసు? మీ అమ్మకే తెలీదు. మనిషిని ఎదురుగా కూర్చోబెట్టుకుని, కబుర్లాడుతూ, ఆ మనిషికి తగ్గది పొడిచేది. ఏ ఇద్దరికీ ఒకేలా వెయ్యలేదు. నువ్వే వెయ్యి.”

ఊహించి వెయ్యడమే అమ్మ పద్ధతని తెలిసి గుండెల మీంచి బండ దించినట్టయింది చుక్కకు. పెన్ను తీసుకుంది. పిన్ని మాట్లాడుతూనే ఉంది, ఎవరి పెళ్లి చొక్కానో మాడ్చి తిట్లు తిన్న సంగతీ, అక్కతో చేసిన అల్లరీ. తీగ మోచెయ్యి దాటింది. ఇస్త్రీపెట్టె కాల్చిన పాత మచ్చ అడ్డొస్తే, దాని చుట్టూ రేకులు వేసింది.

“మీ అమ్మకన్నా నీ చెయ్యి తేలిక,” అని మెచ్చుకుంది పిన్ని. “సూది లేదు కదా మరి.”

గీతలు చెరిగిపోకముందే ఇద్దరూ వీధి చివర పచ్చబొట్ల దుకాణానికి వెళ్లారు. మిషను రొద మొదలవగానే పిన్ని కళ్లు మూసుకుని చుక్క చెయ్యి నలిగిపోయేలా పట్టుకుంది. లేచి మాత్రం పోలేదు. పనయ్యాక దుకాణం ఆయన బొమ్మ ఎవరిదని అడిగాడు.

“సగం మా అక్కది, సగం అక్క కూతురిది,” అంది పిన్ని, చెయ్యి అటూ ఇటూ తిప్పి చూసుకుంటూ.

బయటికొచ్చాక చుక్కకు ఎవరికి దండం పెట్టాలో తెలియలేదు. తన చేతిలో పని ఉంచి పోయిన తల్లికా, తనకింత చోటు మిగిల్చిన పిన్నికా?

“ఆ రోజు నువ్వు పారిపోవడమే మంచిదైంది, పిన్నీ.”

“మరి? నాకు ఆమాత్రం ముందుచూపు లేదనుకున్నావా?” అంటూ పిన్ని ముందు నడిచింది.